సంగీతం: మాస్టర్ వేణు

పెళ్లిళ్లలోనూ శ్రీరామనవమి పందిళ్లలోనూ మా ఆర్కెస్ట్రా వాయిస్తుంటే జనంలోంచి చీటీలు వస్తుంటాయి. ఏ పాట కావాలో రాసి పంపుతారు. "రోజులు మారాయి, ఏరువాక పాట." "నాగేశ్వరరావు పాట, ఆడుతు పాడుతు." "ఘంటసాల గారి ఆకాశ వీధిలో." సినిమా పేరు రాస్తారు, హీరో పేరు రాస్తారు, ఘంటసాల పేరైతే చెప్పక్కర్లేదు. పాత పాటలు బాగా వినే పెద్దవాళ్లు సంగీత దర్శకుల్లో సాలూరి వారి పేరో, పెండ్యాల వారి పేరో కూడా రాస్తారు. కీబోర్డు దగ్గర కూచుని ఇన్నేళ్లుగా ఆ చీటీలు అందుకుంటున్నాను గానీ మాస్టర్ వేణు పేరు రాసిన చీటీ మాత్రం నా చేతికి రాలేదు. పైన చెప్పిన మూడు పాటలూ ఆయన కట్టినవే.

అందుకే ఇది రాస్తున్నాను. ఆయన పాటలు మరుగున పడలేదు. ఏ ఊళ్లో మొదలుపెట్టినా రెండో పాదం జనమే అందుకుంటారు. పాటలు ఇంతగా బతికుండి, కట్టినవాడి పేరు ఇంతగా చెదిరిపోయిన సంగీత దర్శకుడు మన సినిమాల్లో ఇంకొకరు లేరేమో అనిపిస్తుంది నాకు.

అసలు పేరు మద్దూరి వేణుగోపాల్. 1916లో బందరులో పుట్టారు, 1981లో పోయారు. నటుడు భానుచందర్ ఆయన కొడుకు. ఈ ఒక్క ముక్క చెబితే చాలు, ఎదుటివాళ్లు "అవునా!" అని కుర్చీ దగ్గరికి జరుపుకుంటారు. నాదీ కృష్ణా జిల్లాయే, చల్లపల్లి పక్కన పల్లె. బందరు మాకు కోర్టుకీ ఆస్పత్రికీ సినిమాకీ వెళ్లే పెద్ద ఊరు. ఆ ఊరివాడు కట్టిన బాణీ బొంబాయి దాకా వెళ్లిందని నాకు చిన్నప్పుడు ఎవరూ చెప్పలేదు. హార్మోనియం నేర్పిన మా గురువుగారు చెబితేనే తెలిసింది.

ముందు గూడ సంగతి చెబుతాను. ఆయన గొప్పతనం నాకు అర్థమైంది అక్కడే.

'తోడికోడళ్లు' 1957లో వచ్చింది. అన్నపూర్ణా వారి సినిమా, దర్శకుడు ఆదుర్తి సుబ్బారావు. బెంగాలీ రచయిత శరత్‌చంద్ర 'నిష్కృతి' దానికి ఆధారం. అందులో నాగేశ్వరరావూ సావిత్రీ చేలో గూడ వేస్తూ పాడుకునే పాట 'ఆడుతు పాడుతు పనిచేస్తుంటే'. రాసింది కొసరాజు రాఘవయ్య చౌదరి, పాడింది ఘంటసాల, సుశీల.

గూడ వేయడం చూసినవాళ్లు ఇప్పుడు తక్కువ. నీళ్లు పల్లంలో, చేను మెరకలో ఉన్నప్పుడు, తాళ్లు కట్టిన గూడని, అంటే నీళ్లు తోడే బుట్టని, ఇద్దరు మనుషులు చెరో వైపు నిలబడి పట్టుకుని నీళ్లు ఎత్తిపోస్తారు. మా నాన్న, పెదనాన్న వేసేవాళ్లు. గట్టు మీద కూచుని చూస్తుండేవాణ్ణి. ముంచడం, లాగడం, ఒంపడం, వదలడం. ఇద్దరి నడుములూ ఒకేసారి వంగాలి, ఒకేసారి లేవాలి. ఒకరు అర క్షణం ముందు లాగారంటే గూడ ఒరిగిపోయి నీళ్లన్నీ మళ్లీ కాలవలోకే. పని సాగుతున్నప్పుడు మాటలుండవు. తాడు బిగిసిన చప్పుడు, నీళ్లు పడ్డ చప్పుడు, వదిలేటప్పుడు ఇద్దరి నోటివెంటా ఒకేసారి వచ్చే ఊపిరి. అంతే. పొద్దెక్కేకొద్దీ చేతులు బరువెక్కుతాయి గానీ ఆ వరస మాత్రం తప్పదు, ఎందుకంటే వరస తప్పితే పని రెట్టింపవుతుంది.

ఇప్పుడు ఆ పాట మాత్రలు, అంటే అక్షరాలు పలికే కాలపు కొలతలు, లెక్కపెట్టి చూడండి. ఆడుతు, నాలుగు. పాడుతు, నాలుగు. పనిచే, నాలుగు. స్తుంటే, నాలుగు. గూడకి నాలుగు కదలికలు, మాటకి నాలుగు మాత్రలు. అప్పికట్ల రైతు కుటుంబంలోంచి వచ్చిన కొసరాజు గారికి అది ఒంట్లోనే ఉండి ఉంటుంది. దాన్ని అందుకుని వేణుగారు చేసిన పని, వేగం సరిగ్గా కుదర్చడం. వినడానికి చాలా హుషారైన పాట అది. కానీ పక్కన గడియారం పెట్టుకుని వినండి, మనం గుర్తుంచుకున్నంత జోరుగా ఉండదు. గూడ వేసేవాడు పరిగెత్తలేడు. నీళ్లతో నిండిన గూడ పైకి రావడానికి ఎంతసేపు పడుతుందో అంతసేపూ ఆగాల్సిందే. బాణీ ఆ బరువు దగ్గర ఆగుతుంది, ఒంపాక తేలికవుతుంది.

మా డోలక్ కుర్రాడు మంచి వాద్యగాడు. వాడి చేతిలో ఈ పాట ఎప్పుడూ కాస్త ముందుకు తోసుకుపోతుంది. జనం చప్పట్లు మొదలుపెడితే ఇంకా పోతుంది. రెండో చరణానికొచ్చేసరికి పాడేవాళ్లకి ఊపిరాడదు. అలుపూ సొలుపూ లేదని పాడే పాటలో అలుపు వచ్చి కూచుంటుంది. వాడికి గూడ వేయడం చూపిద్దామంటే మా ఊళ్లోనే ఎక్కడా లేదు, అంతా మోటార్లు. చివరికి ఒక బకెట్‌కి రెండు వైపులా తాళ్లు కట్టి, మా పెరట్లో నీళ్ల కుండీ దగ్గర వాణ్ణి ఓ వైపు నిలబెట్టి నేనో వైపు పట్టుకున్నాను. కాసేపటికి వాడే అన్నాడు, "మావయ్యా, ఇది తొందరపడితే రాదు." ఆ తర్వాత నుంచి పాట కుదిరింది.

పని చేసే ఒంటి నుంచి లయ పట్టుకోవడం అనే ఈ గుణం 'రోజులు మారాయి'లోనే ఉంది. అది 1955 నాటి సినిమా. సారథీ వారిది, తాపీ చాణక్య దర్శకత్వం. భూమి కోసం రైతులు కలిసి నిలబడే కథ. కొసరాజు గారు 1939లో 'రైతుబిడ్డ'కి పాటలు రాసి పల్లెకి వెళ్లిపోయి, చాలా ఏళ్ల తర్వాత 'పెద్దమనుషులు'తో మళ్లీ వచ్చారు. వచ్చిన మరుసటేడాదే ఈ సినిమా. 'ఏరువాకా సాగారో రన్నో చిన్నన్నా' జిక్కి పాడింది, తెర మీద వహీదా రెహమాన్ ఆడింది. అప్పటికి ఆమె ఎవరో ఎవరికీ తెలియదు. ఆ పాట దెబ్బకి ఊరూరా తెలిసింది. 'మిస్సమ్మ' చూడ్డానికి హైదరాబాదు వచ్చిన గురుదత్, ఒక కారు చుట్టూ మూగిన జనాన్ని చూసి ఎవరని అడిగితే, 'రోజులు మారాయి'లో ఒక పాటకి ఆడిన అమ్మాయి అని చెప్పారట. అలా బొంబాయి వెళ్లిన ఆమె తర్వాత ఎంతదయిందో అందరికీ తెలుసు. ఆ జనాన్ని రోడ్డు మీదికి తెచ్చిన బాణీ ఎవరిదో మాత్రం ఆ కథ చెప్పేవాళ్లు చెప్పరు.

బాణీ కూడా బొంబాయి వెళ్లింది. 1956లో అదే సినిమా తమిళంలో 'కాలం మారిప్పోచ్చు'గా వచ్చినప్పుడు సంగీతం మళ్లీ వేణుగారిదే, ఈ పాట అక్కడా ఉంది, జిక్కే పాడింది, వహీదాయే ఆడింది. ఆ తర్వాత 1960లో 'బంబయి కా బాబు' అనే హిందీ సినిమాలో ఎస్.డి. బర్మన్ ఈ బాణీనే తీసుకుని ఆశా భోస్లే చేత పాడించారు. 'దేఖ్నే మే భోలా హై' అని మొదలవుతుంది. మజ్రూహ్ సుల్తాన్‌పురి రాసిన ఆ పల్లవి చివర ఏముందో వినండి. 'బాబూ చిన్నన్నా' అని ఉంటుంది. బాణీలో ఆ చివరి పిలుపు ఎంత గట్టిగా నాటుకుని ఉందంటే, హిందీ కవి కూడా దాన్ని పీకి ఇంకో మాట పెట్టలేకపోయాడు. మన చిన్నన్న చిన్నన్నగానే అక్కడా ఉన్నాడు.

"బర్మన్ కాపీ కొట్టాడు" అని కోపంగా చెప్పేవాళ్లున్నారు. "అసలది వేణుది మాత్రం ఏమిటి, జానపదమేగా" అని తేలిగ్గా తీసేసేవాళ్లూ ఉన్నారు. నాకు రెండూ నచ్చవు. పొలాల్లో పాడే పాటల్లో ఇలాంటి వరసలు ఉన్నమాట నిజం. కోతల్లో, నాట్లలో మా అమ్మ వాళ్లు పాడుతుంటే విన్నాను. కానీ పొలంలో పాటకి మొదలూ చివరా ఉండవు. గంటలకొద్దీ సాగుతుంది, ఎవరో ఆపేస్తే ఆగుతుంది. దాన్ని సినిమా పాటగా చేయాలంటే, మూడు నిమిషాల చిల్లరకి మించి పట్టని 78 ఆర్‌పీఎం రికార్డు మీద పట్టేలా పల్లవి బిగించాలి. చరణం ఎక్కడ పైకి వెళ్లాలో, ఎక్కడ మళ్లీ పల్లవి మీద వాలాలో తేల్చాలి. ఆ పనంతా చేసి కూడా పొలం వాసన పోకుండా ఉంచాలి. అది చేసినవాడు కట్టినవాడే. ఇందులో నాకు ఏ సందేహమూ లేదు.

సరే, ఇదంతా పల్లె. ఆయనలో రెండో మనిషి ఉన్నాడు, మెట్ల మనిషి, అంటే ఆర్గన్ మెట్ల మీద వేళ్లాడించే వాద్యగాడు. నా వాయిద్యం కాబట్టి ఇక్కడ నాకు మమకారం ఎక్కువ.

విజయా వారి దగ్గర ఉన్న రోజుల్లో ఆయన హామండ్ ఆర్గన్ వాయించారు. దక్షిణాది సినిమా పాటలోకి ఆ వాయిద్యం ఆయన చేతుల మీదుగానే వచ్చిందని మా గురువుగారు చెప్పేవారు, చెప్పినప్పుడల్లా గొంతు మారేది. ఇప్పుడు మా కీబోర్డుల్లో ఆర్గన్ అనేది ఒక మీట నొక్కితే వచ్చే టోను. అప్పుడది గదిలో సగం ఆక్రమించే చెక్క బీరువా లాంటి యంత్రం. అమెరికాలో లారెన్స్ హామండ్ అనే ఆయన 1930లలో తయారుచేశాడు. లోపల పళ్ళచక్రాలు మోటారుతో తిరుగుతుంటాయి, వాటి పక్కనే అయస్కాంతాలూ తీగచుట్టలూ ఉంటాయి. చక్రం తిరుగుతుంటే తీగచుట్టలో కరెంటు హెచ్చుతగ్గులవుతుంది, అదే స్పీకర్లో స్వరంగా వినిపిస్తుంది. చేతులకి రెండు వరసల మెట్లు, కాళ్లకి ఇంకో వరస. నాదం మందంగా ఉండాలా పల్చగా ఉండాలా అన్నది పైనున్న చిన్న చిన్న కడ్డీలు లాగి తేల్చుకోవాలి. శబ్దం పెంచడం తగ్గించడం పాదంతో.

హార్మోనియం వాయించేవాడికి ఇది ఎంత మార్పో చెప్పాలి. హార్మోనియంలో ఎడమ చెయ్యి తిత్తికి అంకితం. మిగిలింది ఒక్క చెయ్యి. తిత్తి ఆగితే స్వరం ఆగుతుంది, అంటే వాద్యగాడి ఊపిరి ఎంతో పాట అంత. హామండ్‌లో మెట్టు నొక్కి ఉంచినంతసేపూ స్వరం ఉంటుంది. తగ్గదు, వణకదు, చెయ్యి తీస్తే ఠక్కున పోతుంది. రెండు చేతులూ స్వేచ్ఛగా ఉంటాయి. వినడానికి సుఖంగానే ఉంది గానీ ఇందులో ప్రమాదముంది. స్వరం ఎంతసేపైనా ఉంటుంది కాబట్టి వాయించేవాడు ఆపడం మర్చిపోతాడు. కీబోర్డు చేతికొచ్చిన కొత్తలో మా బృందంలో ప్రతివాడూ చేసేది ఇదే, పాట వెనక దుప్పటి కప్పినట్టు మోత. వేణుగారి పాటల్లో అది వినిపించదు. పాడేవాళ్లు పాడుతుంటే మెట్లు తప్పుకుంటాయి. పాదానికీ పాదానికీ మధ్య దొరికిన చోట ఒక చిన్న బిట్, అంటే వాద్యాల ముక్క, పలికి మళ్లీ తప్పుకుంటాయి. ఎక్కడ ఆపాలో తెలిసిన చెయ్యి అది.

ఒక్కటి గుర్తుపెట్టుకోవాలి. ఆ రోజుల్లో ట్రాకులు లేవు. గాయకులూ వాద్యగాళ్లూ అందరూ ఒకే హాల్లో, ఒకేసారి. ఎక్కడో వయొలిన్ ఒక స్వరం జారితే పాట మొత్తం మళ్లీ మొదటి నుంచి. ఎవరిది ఎక్కువ వినిపించాలో మైకుకి దగ్గరా దూరం కూచోబెట్టి తేల్చాల్సిందే. అలాంటి చోట వాద్యాలు ఎన్ని ఉన్నా గొంతు తేటగా నిలబడిందంటే, అది రికార్డింగ్ ఇంజనీరు ఒక్కడి చలవ కాదు. బిట్లు రాసినప్పుడే గొంతుకి చోటు విడిచిపెట్టి రాశారన్నమాట.

'మాంగల్య బలం' తీసుకోండి. 1959, మళ్లీ అన్నపూర్ణా వారు, ఆదుర్తి. బెంగాలీ 'అగ్నిపరీక్ష' కథ. తమిళంలో 'మంజల్ మహిమై', అక్కడా ఇవే బాణీలు. అందులో శ్రీశ్రీ రాసిన 'ఆకాశ వీధిలో అందాల జాబిలి' మా దగ్గర ఎప్పుడూ ఒక చిక్కు. చీటీ మీద 'ఆకాశ వీధిలో' అని మాత్రమే ఉంటే ఏది వాయించాలి? 'మల్లీశ్వరి'లో 'ఆకాశ వీధిలో హాయిగా ఎగిరేవు' ఉంది కదా, సాలూరి వారిది, భానుమతీ ఘంటసాలా పాడింది. అది మేఘాన్ని పిలిచి కబురు పంపే విరహం. ఇది మేడ మీద వెన్నెల్లో ఇద్దరు దగ్గరగా కూచుని పాడుకునే పాట. మొదటి రెండు మాటలూ ఒకటే, ఆ తర్వాత దారులు వేరు. మైకులో అడుగుతాం, "మేఘమా, జాబిలా?" అని. "జాబిలి, జాబిలి" అని ఆడవాళ్ల వైపు నుంచి వినిపిస్తుంది ఎక్కువగా.

ఆ పాటలో 'ఉయ్యాలలూగెనే', 'సయ్యాటలాడెనే' అని రెండు ముక్కలున్నాయి. శ్రీశ్రీ ఒకే తూకంలో రాశారు. బాణీలో కూడా అవి జతగానే నడుస్తాయి. ఒకటి వెళ్తుంది, రెండోది తిరిగొస్తుంది. దీన్ని పాడేటప్పుడు మొదటి ముక్క చివర గమకం పెట్టి సాగదీయాలని గాయకులకి బుద్ధి పుడుతుంది. పుట్టనివ్వకూడదు. సాగదీస్తే రెండోది ఆలస్యమవుతుంది, ఊపు చెడుతుంది. ఘంటసాలా సుశీలా ఎంత నిగ్రహంగా పాడారో వింటే తెలుస్తుంది.

నాకు అన్నిటికంటే ఇష్టమైంది మాత్రం 'రాజమకుటం'లో పాట. 1960, వాహినీ వారిది, బి.ఎన్. రెడ్డి గారి సినిమా. బి.ఎన్. గారు 'మల్లీశ్వరి'కి సాలూరి వారిని, 'బంగారు పాప'కి అద్దేపల్లి రామారావుని, 'భాగ్యరేఖ'కి పెండ్యాలని పెట్టుకున్నారు. సంగీతం విషయంలో మాటల్లో మొహమాటపడే మనిషి కాదు. అలాంటి ఆయన 'రాజమకుటం' వేణుగారి చేతిలో పెట్టారు. 'సడిసేయకో గాలి' దేవులపల్లి కృష్ణశాస్త్రి రాశారు, పి. లీల పాడారు. అలసిపోయిన రాజు ఒళ్లో నిద్రపోతున్నాడు, చప్పుడు చేయకు అని గాలిని బతిమాలే పాట.

సంగీత దర్శకుడికి ఇంతకంటే ఇరుకున పెట్టే సందర్భం ఉంటుందా? చప్పుడు చేయొద్దని పాట చెబుతోంది, పాటకి వాద్యాలు కావాలి. తబలా కొంచెం గట్టిగా మోగినా రాజు లేచిపోతాడు. ఏరువాక కట్టిన మనిషే ఇక్కడ దరువుని ఇంతలా లోపలికి లాగేశాడంటే, మొదటిసారి ఈ రెండూ ఒకరివే అని తెలిసినప్పుడు నేను నమ్మలేదు. తర్వాత ఆలోచిస్తే రెంటిలోనూ ఒకటే పద్ధతి కనిపించింది. పాడే మనిషి ఒళ్లు అప్పుడు ఏం చేస్తోంది? అక్కడ అడుగులు వేస్తోంది, ఇక్కడ కదలకుండా కూచుని ఉంది. ఒళ్లో తల పెట్టుకుని పడుకున్న మనిషి లేవకూడదని మనం ఎలా ఊపిరి పీల్చుకుంటామో, లీల గారు ఆ పాటలో అలా ఊపిరి తీసుకుంటారు. పాదం చివర స్వరాన్ని వదిలే తీరు చూడండి. తెంపరు, జారవిడుస్తారు.

మిగతావి త్వరగా చెప్పేస్తాను, ఎందుకంటే అన్నిటి గురించీ రాస్తే ఇది తెగదు. భరణీ వారి 'బాటసారి' 1961లో వచ్చింది. 'ఓ బాటసారి నను మరువకోయి' భానుమతి గారి గొంతులో వింటే ఇంకెవరు పాడినా ఒప్పుకోబుద్ధి కాదు. ఆమెకి సంగీతం బాగా తెలుసు, ఆమెకి బాణీ ఒప్పించడం మాటలు కాదు. అదే ఏడాది సారథీ వారి 'కలసివుంటే కలదు సుఖం'. 1962లో పి. పుల్లయ్య గారి 'సిరిసంపదలు', అందులో 'ఈ పగలు రేయిగా'. 1964లో మళ్లీ పుల్లయ్య గారి 'మురళీకృష్ణ'. ఆత్రేయ రాసిన 'ఎక్కడ ఉన్నా ఏమైనా' ఆ సినిమాలోదే. రిటైర్మెంట్ సభల్లో మాకు తప్పనిసరి పాట. ప్రేమించిన మనిషి వేరొకరిదైపోయినా నీ సుఖమే నాకు కావాలని పాడే పాటని ఆఫీసు సన్మానంలో ఎందుకు అడుగుతారో మొదట్లో అర్థమయ్యేది కాదు. పాడుతుంటే ముందు వరసలో పెద్దాయనలు కళ్లు తుడుచుకోవడం చూశాక అడగడం మానేశాను. ఆ మరుసటేడు 'ప్రేమించి చూడు'లో మేడ మీద మేడ కట్టిన కామయ్య తాతని ఆటపట్టించే పాట. అంత దుఃఖం తర్వాత అంత అల్లరి, అదే దర్శకుడితో.

'కారులో షికారుకెళ్లే' గురించి ఒక్క మాట లేకుండా పోలేను. 'తోడికోడళ్లు'లోదే. రాసింది ఆత్రేయ అయితే శ్రీశ్రీ అనుకునేవాళ్లు ఇప్పటికీ కోకొల్లలు. కవి పేరు మారిందని అందరూ సరిదిద్దుతారు, మంచిదే. ఆ సరిదిద్దేవాళ్లు కూడా సంగీతం పేరు దాకా రారు. పాలబుగ్గల పిల్లని పట్టుకుని ఆ మేడ ఎవరి చెమటతో లేచిందని నిలదీసే ప్రశ్నలు అవి. కోపంగా కట్టి ఉంటే అది ఉపన్యాసం అయ్యేది. వేణుగారు ఆ ప్రశ్నలని తీరిగ్గా, దాదాపు ముద్దు చేస్తూ అడిగించారు. అందుకే లోపలికి దిగుతాయి.

మరి పేరు ఎందుకు నిలవలేదు? నాకు తోచింది చెబుతాను. ఘంటసాల గారిలా, ఎ.ఎం. రాజాలా ఆయన గాయకుడు కాదు. గొంతు లేని సంగీత దర్శకుణ్ణి జనం గుర్తుపట్టడం కష్టం. రెండోది, ఆయన ఎవరి కొలువులోనూ స్థిరంగా ఉండలేదు. అన్నపూర్ణా వారికి రెండు మంచి సినిమాలు చేస్తే, తర్వాతి 'వెలుగునీడలు' పెండ్యాలకి వెళ్లింది, ఆ తర్వాత సాలూరి వారు వరసగా చేశారు. సారథీ, వాహినీ, భరణీ, అన్నపూర్ణా, పుల్లయ్య గారు, అన్ని గడపల్లోనూ ఉన్నాడాయన, ఏ గడపదీ కాలేదు. ఫలానా సంస్థ పాటలు అంటే ఫలానా ఆయన అని మనకి ముడిపడిపోతుంది, ఆ ముడి ఈయనకి పడలేదు. మూడోది, బహుశా అసలు కారణం, ఆయన పాటల్లో ఆయన కనిపించడు. గూడ కనిపిస్తుంది, నాగలి కనిపిస్తుంది, నిద్రపోయే రాజు కనిపిస్తాడు. ఇది నాది అని ఎక్కడా సంతకం పెట్టలేదు. వాద్యగాడిగా నాకు ఇది చాలా పెద్ద విద్యగా అనిపిస్తుంది, కానీ పేరు కోసం చూసేవాళ్లకి ఇది నష్టమే.

రేడియో ఉన్నంతకాలం కొంత నయం. సినిమా పేరు, పాడినవారు, రాసినవారు, సంగీతం అని వరసగా చదివేవారు. 'సంగీతం మాస్టర్ వేణు' అన్న మాట నేను మొదట విన్నది ట్రాన్సిస్టర్‌లోనే. ఇప్పుడు ఫోనులో పాట వెతికితే హీరో బొమ్మ వస్తుంది, దాని కింద గాయకుల పేర్లు. కొన్ని చోట్ల సంగీతం దగ్గర వేరే ఎవరి పేరో కూడా వేసేస్తున్నారు. దీని మీద నాకు నిజంగానే బాధ ఉంది. అందుకని మా ప్రోగ్రాముల్లో ఒక ఏర్పాటు చేశాను. ఏ పాటైనా సరే, ఎంత ఆలస్యమవుతున్నా సరే, యాంకరమ్మ సంగీత దర్శకుడి పేరు చదివాకే నేను మొదటి మెట్టు నొక్కుతాను. పెళ్లివాళ్లు తొందరపెట్టినా అంతే.

బందరులో ఒక సాయంత్రం మొత్తం ఆయన పాటలతోనే చేద్దామని మావాళ్లతో అంటున్నాను. ఒప్పుకున్నారు. పాటల వరస దగ్గరే తేలడం లేదు. 'సడిసేయకో గాలి' పాడటానికి మా బృందంలో అమ్మాయి సాధన చేస్తోంది. రెండో చరణంలో ఊపిరి ఎక్కడ తీసుకోవాలో ఇంకా కుదరలేదు. కుదిరేదాకా దాన్ని లిస్టులో పెట్టనని చెప్పాను, తనూ సరేనంది. 'ఏరువాక' చివర్న పెట్టమంటున్నారు అందరూ, జనం లేచి ఆడతారు, ఊపుగా ముగుస్తుందని. నేను మొదటే పెడదామంటున్నాను. జనం ముందే ఆడేసి, చెమట తుడుచుకుని కుర్చీల్లో కుదురుకుంటే, అప్పుడు 'ఈ పగలు రేయిగా', 'ఎక్కడ ఉన్నా' నెమ్మదిగా వినే ఓపిక వస్తుంది. డోలక్ కుర్రాడు నా వైపే ఉన్నాడు. మొదట్లో చేతులు తాజాగా ఉంటాయి మావయ్యా, వేగం నా అదుపులో ఉంటుంది అంటున్నాడు.